మబ్బు పరుపు: మూడు ఎండాకాలాలు వాడాక

మా అమ్మకు పక్షవాతం వచ్చి మంచం పట్టింది 2021లో. ఆ ఎండాకాలంలోనే వీపున పుండ్లు పడ్డాయి. మాది పొదిలి. ఒంగోలు వాళ్లకు సాయంత్రమైతే సముద్రపు గాలి తగులుతుంది, మా దాకా రాదు. రోహిణి కార్తెలో రాత్రి పదకొండింటికి కూడా గోడ మీద చెయ్యి పెట్టలేం. గాలి పరుపు కొని వేశాం గానీ, ఆ ప్లాస్టిక్కు మీద చెమట ఆరక ఉన్న పుండ్లు ఇంకా ఒరుసుకుపోయాయి. అప్పుడు మా మేనమామ చెబితే కనిగిరి, పామూరు మీదుగా ఉదయగిరి వెళ్లి మబ్బేకే పెద్దాయన్ని కలిశాను.

దూది ఏకే విల్లు చూసినవాళ్లకు ఆయన పని వెంటనే అర్థమవుతుంది. చెక్క గరిటెలు చెక్కే ఊరు కదా, విల్లు కూడా అక్కడి కర్రతోనే చేసుకున్నాడు. తెల్లవారుజామున దుర్గం కొండ మీదకు దిగిన మబ్బును గోతాల్లో కట్టి తెస్తాడు. నరం మీటుతుంటే అది పొరలు పొరలుగా విడిపోయి, మళ్లీ ఒకదాని మీద ఒకటి సర్దుకుంటుంది. ఘనమీటరు మబ్బులో ఉండే నీళ్లు సుమారు అరగ్రాము. మా పరుపు రెండు కిలోలు తూగింది. అంటే ఇరవై మీటర్ల పొడవు, అంతే వెడల్పు, పది మీటర్ల ఎత్తున్న మబ్బు అమ్మ మంచం మీద సరిపోయేంత అయింది! తొమ్మిది వేలు తీసుకున్నాడు. ఆ పని కళ్లారా చూశాక నాకు ఎక్కువనిపించలేదు.

అందరూ అడిగేది ఒకటే, పక్క తడవదా అని. తడవదు. మబ్బులో ఒక్కో నీటి చుక్క మిల్లీమీటరులో యాభయ్యో వంతే ఉంటుంది. పైన నూలు దుప్పటి వేస్తే చల్లదనం మాత్రం తగులుతుంది. కూలరు లాగే దీనికీ పొడిగాలి కావాలి. వడగాడ్పు కొట్టే రోజే బాగా పనిచేస్తుంది. 2022 మేలో అమ్మ మొదటిసారి రాత్రంతా నిద్రపోయింది. నేను రెండుసార్లు లేచి ఊపిరి చూశాను, అంత ప్రశాంతంగా పడుకుంది. పాత పుండ్లు మానాయి. అయితే రెండు గంటలకోసారి పక్కకు తిప్పడం, డ్రెస్సింగ్ మేం ఒక్కరోజూ మానలేదు. పరుపు వచ్చింది కదా అని దయచేసి మీరూ ఆపకండి.

దీనికి రోజూ సాయంత్రం లీటరు నీళ్లు చిలకరించాలి. నేను చేసిన పెద్ద తప్పు ఇక్కడే. వాన నీళ్లే పొయ్యమని ఆయన చెప్పినా, వేసవిలో అవి అయిపోయి బోరు నీళ్లు పోశాను. మన పడమటి మండలాల నీళ్ల సంగతి తెలిసిందే, ఫ్లోరైడూ ఉప్పులూ. నీరు ఆవిరైపోయి అవన్నీ లోపలే మిగిలాయి. నెల తిరక్కుండా నడుం కింద అరచెయ్యంత మేర గార కట్టి అప్పడంలా గట్టిపడింది. ఆ ముక్క కోసి కొత్త మబ్బు అతికించడానికి పన్నెండు వందలైంది. ఇప్పుడు కార్తీకంలోనే డాబా మీద డ్రమ్ములు పెట్టి వాన నీళ్లు పట్టుకుంటున్నాం.

బాగా టెన్షన్ పడింది మిచౌంగ్ తుపానుకు. 2023 డిసెంబరు 5న అది బాపట్ల దగ్గర తీరం దాటింది. గాలి ఒత్తిడి తగ్గేసరికి పరుపు జానెడు ఉబ్బి, అమ్మ గోడ వైపు జారబోయింది. తెల్లారేదాకా నేనూ మా ఆవిడా చెరో పక్క పట్టుకుని కూర్చున్నాం. వాయుగుండం అన్న మాట వినగానే పరుపును నవారుతో మంచానికి కట్టెయ్యండి.

ఇంకో లోపం ఉండేది. పత్తికి గింజ ఉన్నట్టు మబ్బుకు ఉరుము ఉంటుంది. ఏకే ముందు వాటిని ఏరాలి. మా దాంట్లో ఒక గింజ ఉండిపోయి రాత్రిళ్లు సన్నగా గురగురమనేది. తీసుకెళ్తే పెద్దాయన నొచ్చుకున్నాడు. “నా చేతి తప్పు అబ్బయా, డబ్బులొద్దు” అని తీసిచ్చాడు. ఇంటికొచ్చాక రెండు రోజులు అమ్మ దిండు పక్కన తడుముతూనే ఉంది. మాట స్పష్టంగా రాదు. మూడో రోజుకు అర్థమైంది, “ఉరుమేదిరా?” అంటోంది. మళ్లీ ఉదయగిరి వెళ్లి ఆ గింజ అడిగి తెచ్చుకున్నాను. పాత కుంకుమ భరిణెలో పెట్టి తలాపున ఉంచాం. అది కదిలితే అమ్మ నవ్వుతుంది.

నెల్లూరు, కావలి వైపు ఉక్కపోతలో ఇంత చల్లదనం రాదు, అక్కడివాళ్లు ఒక వారం అడిగి తీసుకుని వాడి చూశాక కొనండి. కనిగిరి, దర్శి, మార్కాపురం వాళ్లు కళ్లు మూసుకుని తీసుకోవచ్చు. కానీ వేసవి మబ్బుతో చేసింది చవగ్గా వస్తోందని కొనొద్దు. అది పల్చన, రెండో ఏటికే నలిగిపోతుంది. అక్టోబరు నుంచి ఈశాన్య గాలితో సముద్రం మీదుగా వచ్చే మబ్బే కావాలని అడగండి. వినాయక చవితికల్లా అడ్వాన్సు ఇస్తే సంక్రాంతి లోపు చేతికొస్తుంది.