యాటా, ట్రాలరా, తెరచాప పడవా: 1942 గస్తీకి ఏది మేలు?

1942 జనవరి నుంచి జర్మన్ జలాంతర్గాములు అమెరికా తూర్పు తీరం వెంబడి సరుకు ఓడల్ని వరసపెట్టి ముంచేస్తుంటే, కాపలా కాయడానికి నౌకాదళం దగ్గర చాలినన్ని ఓడలు లేవు. కొత్తవి తయారయ్యేదాకా శత్రువు ఆగడుగా! అందుకే చేతికందిన వాటితోనే నెట్టుకొచ్చారు. కోటీశ్వరుల ఆవిరి యాట్లు కొన్ని, బ్రిటన్ పంపిన ట్రాలర్లు (వలలు లాగే చేపల ఓడలు) 24, ఔత్సాహికులిచ్చిన తెరచాప పడవలు బోలెడు.

చూపులకైతే యాట్‌ను మించింది లేదు. సిథీరానే తీసుకోండి. 1907లో స్కాట్లండ్‌లోని లీత్‌లో కట్టిన 215 అడుగుల విహారనౌక అది, హార్క్‌నెస్ కుటుంబానిది. మొదటి ప్రపంచ యుద్ధంలో జిబ్రాల్టర్ కేంద్రంగా గస్తీ తిరిగి క్షేమంగా ఇంటికొచ్చింది. ముప్పై అయిదేళ్ల వయసులో, 1942 మార్చిలో, మళ్లీ నౌకాదళంలో చేరింది. మే 1న నార్‌ఫోక్ నుంచి పసిఫిక్‌కు బయల్దేరింది. మర్నాడే నార్త్ కరోలినా తీరంలో జర్మన్ జలాంతర్గామి యూ-402 దాన్ని టార్పెడోతో ముంచేసింది. బతికింది ఇద్దరంటే ఇద్దరు. వాళ్లను ఆ జలాంతర్గామే పైకి లాగి జర్మనీకి ఖైదీలుగా పట్టుకుపోయింది.

యాట్‌తో అసలు చిక్కు ఏమిటంటే, అతిథులకు సుఖంగా ఉండేలా కట్టిన ఓడ మీద ఫిరంగులు, డెప్త్ చార్జులు (జలాంతర్గాముల మీద నీళ్లలోకి వేసే బాంబులు) పెడితే అవి తెచ్చిపెట్టుకున్న బరువే. 1918 మేలో ఫ్రాన్స్ తీరంలో క్రిస్టబెల్ అనే యాట్ ఒక జర్మన్ జలాంతర్గామి మీద డెప్త్ చార్జులు వేసింది. దగ్గర్లోనే జరిగిన పేలుడు అదురుకు సొంత డెక్ మీది డెప్త్ చార్జులే కట్లు తెంచుకుని దొర్లడం మొదలెట్టాయి. డేనియల్ సల్లివన్ అనే అధికారి వాటి మీద పడి అదిమిపట్టి కట్టేశాడు. లేకపోతే క్రిస్టబెల్ తన బాంబులతో తానే పోయేది. ఆయనకు అమెరికా అత్యున్నత సైనిక పురస్కారం మెడల్ ఆఫ్ ఆనర్ ఇచ్చారు. దెబ్బతిన్న ఆ జలాంతర్గామి, యూసీ-56, స్పెయిన్‌లోని శాంటాండర్ రేవు చేరి అక్కడే చిక్కుబడిపోయింది. కాబట్టి యాట్లు దండగ అనలేం. కాకపోతే ఆ రోజు గెలిచింది ఓడ కాదు, మనిషి.

ట్రాలర్‌కు అందం లేదు, వేగమూ అంతంతే. కానీ ఉత్తర అట్లాంటిక్ చలికాలంలో వలలు లాగడానికి పుట్టిన ఓడ. అలల్ని తట్టుకోవడం దానికి కొత్తగా నేర్పక్కర్లేదు. పైగా వచ్చిన సిబ్బంది రెండున్నరేళ్లుగా యుద్ధం చూసినవాళ్లు. అంతమాత్రాన ప్రాణభయం లేదనుకోకండి. సిథీరా మునిగిన పది రోజులకే, అదే నార్త్ కరోలినా తీరంలో, బెడ్‌ఫర్డ్‌షైర్ అనే ట్రాలర్‌ను యూ-558 ముంచేసింది. అందులోని 37 మందిలో ఒక్కరూ మిగల్లేదు. ఒక్రకోక్ దీవిలో వాళ్లలో నలుగురి సమాధులున్నాయి. అయినా ఈ ట్రాలర్లలో ఒకటి, లె టైగర్, జులై 3న యూ-215ను ముంచేసింది. నేను ట్రాలర్ పక్షం వహించడానికి ఇదొక్కటి చాలు.

తెరచాప పడవల్ని మొదట నౌకాదళం వద్దంది. మే నెలకు దిగొచ్చి కోస్ట్‌గార్డ్ కింద పెట్టుకుంది. జనం వీటికి హూలిగన్ నేవీ, అంటే పోకిరీల నౌకాదళం, అని పేరు పెట్టారు. నవ్వులాటకే అనుకోండి, కానీ ఇంజన్ మోత లేని పడవను జలాంతర్గామి చెవి పెట్టి విన్నా పసిగట్టలేదు. చూసింది రేడియోలో చెప్పడమే వీటి పని, పోరాటం కాదు. తుపాను వస్తే మాత్రం దేవుడే దిక్కు. 1942 డిసెంబరులో జైదా అనే పడవ గాలివానకు దెబ్బతిని, తొమ్మిది మందితో 21 రోజులు సముద్రంలో కొట్టుకుపోయింది. చివరికి ఒక బ్లింప్ (వాయువు నింపిన గస్తీ గగననౌక) కంటపడి అందరూ బతికి బయటపడ్డారు.

నన్నడిగితే ఓడల గుంపుకు తోడుగా పంపాలంటే ట్రాలరే. కళ్లూ చెవులుగా వాడుకోవాలంటే, వాతావరణం బాగున్నన్నాళ్లు, తెరచాప పడవ. పెద్ద యాట్ మూడో స్థానమే. దానికి తగ్గ పని వేరే ఉంది: పడకలు, వంటగది, కూర్చుని మాట్లాడుకోవడానికి చోటు కావాల్సిన కొలువులు. నౌకాదళాధిపతి అడ్మిరల్ కింగ్‌కు ఈ సంగతి బాగానే తెలిసినట్టుంది. మోటారు కార్ల డాడ్జ్ కుటుంబం యాట్ డెల్ఫీన్‌ను డాంట్‌లెస్‌గా పేరు మార్చి, వాషింగ్టన్ నేవీ యార్డ్‌లో కట్టేయించి, అందులోనే కాపురం పెట్టాడు.