ఊరి సంగతులకు ఏది మేలు: జిల్లా పేజీనా, చిన్న పత్రికా, వాట్సాప్ గ్రూపా?

చెన్నైలో స్థిరపడిన నెల్లూరు వాళ్లలో చాలామందికి ఊళ్లో ఇల్లో పొలమో, అమ్మానాన్నలో ఇంకా ఉంటారు. అక్కడేం జరుగుతోందో తెలియకపోతే టెన్షనే.

వేగంలో వాట్సాప్ గ్రూపుకు సాటి లేదు. 2021 నవంబర్‌లో పెన్న పొంగి పడుగుపాడు దగ్గర హైవే తెగింది, రైలు పట్టాలూ దెబ్బతిన్నాయి. అలాంటి రోజున పొద్దున్నే వచ్చే పేపర్ కోసం ఎవరు ఆగుతారు? కానీ ఎప్పటిదో వీడియో పెట్టి కట్ట తెగిందని భయపెడితే అడిగే దిక్కుండదు. పత్రిక మీద ప్రింటరు, పబ్లిషరు పేర్లు వేయాలని 1867 చట్టం నుంచీ ఉంది. తప్పు రాస్తే నిలదీయడానికి ఒక మనిషి, ఒక అడ్రసు ఉంటాయి.

జిల్లా పేజీల మేలు తక్కువది కాదు. ఈనాడు 1989లో జిల్లా ట్యాబ్లాయిడ్లు మొదలుపెట్టాక మండలాల వార్తలకు రోజూ చోటు దొరికింది. దూబగుంట ఆడవాళ్ల సారా వ్యతిరేక పోరాటం ఊరూరా పాకడంలో పత్రికల పాత్ర ఉంది. అయితే మండల విలేకరి వార్తలతోపాటు యాడ్లూ తేవాలి. ఈరోజు రాసిన సమస్యను రేపు మళ్లీ పట్టించుకునే తీరిక అతనికి ఉండదు.

ఆ పని చిన్న వారపత్రిక చేయగలదు. నెల్లూరు జమీన్ రైతు స్వాతంత్ర్యానికి ముందే జమీందారీ మీద కలం ఎత్తిన పత్రిక. మురుగుకాలువ పూడికకు పోయినేడు ఎంత మంజూరైంది, ఈ ఏడు మళ్లీ ఎంత అడుగుతున్నారు? కౌన్సిల్ అజెండా కాగితాలు రెండూ పక్కపక్కన పెట్టుకుని కూర్చునే ఓపిక అలాంటి చోటే ఉంటుంది. చిన్న పత్రికలన్నీ మంచివేం కాదు. వార్త ఆపడానికి డబ్బులడిగేవీ ఉన్నాయి, వాటిని కొనకండి.

చెన్నైలో మైలాపూర్ టైమ్స్ 1994 నుంచి వారం వారం ఉచితంగా ఇళ్లకు వస్తోంది. పేటలో అన్ని దుకాణాలున్నాయి కాబట్టి ప్రకటనలతో నడుస్తుంది. చిన్న ఊళ్లో ప్రకటనలిచ్చేది నాయకులూ, వాళ్ల మనుషులే. వాళ్లిచ్చే డబ్బుతోనే నడిస్తే వాళ్ల మీద ఏం రాస్తారు?

అందుకే నా ఓటు చందా కట్టి తెప్పించుకునే ఊరి పత్రికకే. వానొస్తే గ్రూపు చూడండి, రోజువారీకి జిల్లా పేజీ చాలు. మనం కట్టే ఇంటిపన్ను ఎటు పోతోందో తెలియాలంటే మాత్రం చందా కట్టాలి. పోస్టులో రెండు రోజులు ఆలస్యమైనా ఫరవాలేదు.