ఫోన్ ఆట టీవీలో: వైరు మేలా, వైఫై మేలా, గేమ్‌ప్యాడ్ మేలా?

పోయిన ఆదివారం ప్రొద్దుటూరు నుంచి మా అక్క ఫోన్ చేసింది. "సెలవులు ఇచ్చినప్పటి నుంచి పిల్లోళ్ళిద్దరూ ఫోన్‌కు మొహం అంటించుకుని కూర్చుంటున్నారు రా. బయటికి పంపుదామంటే ఎండ నిప్పులు చెరుగుతోంది. పోనీ ఆ ఆటేదో టీవీలో పెడితే దూరం నుంచన్నా చూస్తారు, ఇంట్లో వాళ్ళమంతా కలిసి ఆడుకోవచ్చు. దానికి వైరు కొనాలా, ఊరికే వైఫైలో వచ్చేస్తుందా? ఏది మేలు?" అని అడిగింది.

ఒక్క మాటలో చెప్పలేకపోయాను. కడపలో మా ఇంట్లో ఈ రెండేళ్ళలో నాలుగు దారులూ పట్టి చూశాను. ఒక దారిలో డబ్బు కూడా పోయింది. ఆరోజు అక్కకు అరగంట చెప్పిన సంగతులే ఇక్కడ ఇంకొంచెం వివరంగా రాస్తున్నాను.

ఏది మేలన్నది ముందు ఆడే ఆటను బట్టి తేలుతుంది. ఫోన్ బొమ్మ టీవీలోకి వచ్చినా వేళ్ళు మాత్రం ఫోన్ అద్దం మీదే ఉండాలి. కళ్ళు టీవీ మీద, వేళ్ళు ఒళ్ళో ఉన్న ఫోన్ మీద. అద్దం నున్నగా ఉంటుంది కాబట్టి బొటనవేలి కింద ఏ బటన్ ఉందో తడిమి తెలుసుకోలేం. లూడోలాంటి ఆటలో పాచిక మీద ఒకసారి నొక్కి, కాయను ఒకసారి నొక్కితే చాలు. ఓసారి కిందికి చూసి మళ్ళీ తలెత్తినా నష్టం లేదు. రేసింగ్, క్రికెట్, తుపాకుల ఆటలు అలా కాదు. తల దించి ఎత్తేలోపే కారు గోడకు తగులుతుంది. చదరంగం, లూడో, క్యారమ్స్ లాంటి నిదానపు ఆటలకు ఒక దారి, వేగం ఆటలకు వేరే దారి అని మొదటే అనుకుంటే తర్వాత చెప్పేదంతా సులువుగా అర్థమవుతుంది.

వైరు లేని దారి స్మార్ట్ టీవీ ఉన్న చాలామందికి అందుబాటులో ఉన్నదే. ఆండ్రాయిడ్ ఫోన్లలో పైనుంచి తెరను కిందికి లాగితే స్మార్ట్ వ్యూ అనో, కాస్ట్ అనో, స్క్రీన్‌కాస్ట్ అనో ఒక గుర్తు కనిపిస్తుంది. కంపెనీని బట్టి పేరు మారుతుంది. దాని వెనక ఉండేది సాధారణంగా బొమ్మను వైరు లేకుండా పంపే మిరాకాస్ట్ పద్ధతి గానీ గూగుల్ కాస్ట్ గానీ. మిరాకాస్ట్ 2012లో వచ్చింది. అందులో ఫోనూ టీవీ నేరుగా ఒకదానితో ఒకటి మాట్లాడుకుంటాయి, మధ్యలో ఇంటర్నెట్ అక్కర్లేదు. ఇంట్లో ఫైబర్ కనెక్షన్ లేనివాళ్ళు కూడా దీన్ని వాడుకోవచ్చు. ఇది చాలామందికి తెలియక "మాకు వైఫై లేదు కదా" అని ఊరుకుంటారు.

ఖర్చు సున్నా. ఇబ్బందల్లా ఆలస్యం. ఫోన్ తన తెర మీది బొమ్మను క్షణక్షణం వీడియోగా కుదించి గాలిలో పంపాలి, టీవీ దాన్ని అందుకుని విప్పి చూపించాలి. ఎంత ఆలస్యమవుతోందో మీ ఇంట్లోనే కొలుచుకోవచ్చు. ఫోన్‌లో స్టాప్‌వాచ్ నడిపి, దాన్ని టీవీలోకి పంపి, రెండు తెరలూ కలిపి ఇంకో ఫోన్‌తో ఫొటో తీయండి. ఫొటోలో రెండు అంకెలకూ ఉన్న తేడాయే ఆలస్యం. మా ఇంట్లో పావు సెకనుకు అటూ ఇటూ వచ్చింది. వినడానికి చిన్నదే. కానీ గంటకు 200 కిలోమీటర్ల వేగంతో పోయే కారు పావు సెకనులో దాదాపు 14 మీటర్లు పోతుంది. అంటే మలుపు మీ కంటికి కనపడేటప్పటికి ఆటలో కారు మలుపు దాటేసి ఉంటుంది. క్రికెట్ ఆటలో బంతి బ్యాట్ దగ్గరికి వచ్చిందని నొక్కితే వికెట్ అప్పటికే ఎగిరిపోయి ఉంటుంది. మా చిన్న మేనల్లుడు పోయిన సెలవుల్లో ఇట్లా వరసగా ఔటై ఏడ్చేశాడు. వాడి తప్పేం లేదని ఆ ఫొటో చూపించాకే ఊరుకున్నాడు.

ఆలస్యాన్ని కొంత తగ్గించుకోవచ్చు. ఇంట్లో రూటర్ ఉంటే ఫోనూ టీవీ రెండూ 5 గిగాహెర్ట్జ్ వైఫై మీద ఉండేలా చూడండి. 2.4 మీద పక్కిళ్ళ వైఫైలు, బ్లూటూత్ అన్నీ తోసుకుంటుంటాయి. టీవీ సెట్టింగ్స్‌లో గేమ్ మోడ్ పెట్టండి. బొమ్మను మెరుగులు దిద్దడానికి టీవీ చేసే పని ఆగిపోయి ఆలస్యం తగ్గుతుంది. వైరుతో ఆడేవాళ్ళకు కూడా గేమ్ మోడ్ తప్పనిసరి. ఇవన్నీ చేసినా వైఫై దారి వేగం ఆటలకు పనికొస్తుందని నేను చెప్పను.

నిదానపు ఆటలకు మాత్రం దీనికి మించింది లేదు. మా అవ్వ సంగతే చూడండి. ఆమె చిన్నప్పుడు ఇంట్లో కడప బండల మీద సుద్దతో గళ్ళు గీసి, చింతపిక్కలు అరగదీసి బారాకట్ట ఆడేవాళ్ళంట. ఫోన్‌లో లూడో చూపిస్తే "ఆ చీమలు నాకేం కనపడతాయి నాయనా" అని పక్కన పెట్టేసింది. అదే 43 అంగుళాల టీవీలో పెట్టేసరికి మంచం మీంచే "ఆ పచ్చకాయను కొట్టు, కొట్టు" అని చెప్పడం మొదలుపెట్టింది. లూడో కూడా పచ్చీసు నుంచి పుట్టిందే కదా, ఆమెకు కొత్తగా నేర్పాల్సిందేమీ లేకపోయింది. ఆ ఆటలో పావు సెకను ఆలస్యం ఎవరికీ పట్టలేదు.

ఇక వైరు దారి. వేగం ఆటలకు ఇది ఎంతో మేలు. బొమ్మ ఫోన్ నుంచి టీవీకి ఉండే హెచ్‌డీఎంఐ రంధ్రం ద్వారా నేరుగా టీవీలోకి పోతుంది. గేమ్ మోడ్ పెట్టుకుంటే ఆలస్యం ఉందన్న సంగతే చేతికి తెలియదు. కానీ అన్ని ఫోన్లకూ ఈ దారి లేదు. నేను డబ్బు పోగొట్టుకున్నది ఇక్కడే.

వై.వి. స్ట్రీట్‌లో ఒక షాపుకు పోయి టైప్-సి నుంచి హెచ్‌డీఎంఐకి మార్చే అడాప్టర్ అడిగాను. "టైప్-సి ఉంటే చాలన్నా, ఏ ఫోన్‌కైనా పనిచేస్తుంది" అన్నాడు. ఇంటికొచ్చి తగిలిస్తే టీవీలో "నో సిగ్నల్" తప్ప ఏమీ రాలేదు. టీవీ మార్చి చూశాను, కేబుల్ మార్చి చూశాను. మరుసటి రోజు తిరిగి ఇస్తే ప్యాకెట్ చించారు కాబట్టి వెనక్కి తీసుకోం అన్నారు. తప్పు అడాప్టర్‌ది కాదని తర్వాత తెలిసింది. టైప్-సి అనేది రంధ్రం ఆకారం పేరు మాత్రమే. అందులోంచి వీడియో బయటికి రావాలంటే డిస్‌ప్లేపోర్ట్ ఆల్ట్ మోడ్ అనే సౌకర్యం ఫోన్‌లోనే ఉండాలి. తక్కువ ధర, మధ్యరకం ఫోన్లలో చాలావరకు అది ఉండదు. ఆండ్రాయిడ్ ఫోన్ వివరాల్లో యూఎస్‌బీ 2.0 అని ఉంటే అడాప్టర్ కొనకండి. యూఎస్‌బీ 3.1 గానీ ఆపైది గానీ ఉండి, దాంతోపాటు డిస్‌ప్లేపోర్ట్ అన్న మాట కూడా కనిపిస్తేనే కొనండి. సామ్‌సంగ్‌లో 2017 నాటి ఎస్8 నుంచి ఎస్ వరస ఫోన్లకు ఇది ఉంది. ఐఫోన్లలో 2023లో వచ్చిన 15 నుంచి చాలావాటికి టైప్-సి ద్వారా వీడియో వస్తుంది, అంతకుముందు వాటికి ఆపిల్ వాళ్ళ వేరే అడాప్టర్ కావాలి. ఇంకా మంచి పద్ధతి ఏమిటంటే, షాపులోనే ఫోన్ తగిలించి, అక్కడున్న టీవీలో బొమ్మ వచ్చాకే డబ్బివ్వడం.

కొనేటప్పుడు ఇంకో రెండు చూసుకోవాలి. అడాప్టర్ మీద 4కె అని పెద్దగా రాసి ఉంటుంది, పక్కనే చిన్నగా 30 హెర్ట్జ్ అని ఉంటుంది. సెకనుకు 30 బొమ్మలే వస్తే ఆట కుదుపుగా కనిపిస్తుంది. ఆటకు 4కె కన్నా 60 హెర్ట్జ్ ముఖ్యం. రెండోది, ఛార్జర్ పెట్టుకునేందుకు అడాప్టర్‌కు ఇంకో రంధ్రం ఉండాలి. లేకపోతే ఉన్న ఒక్క రంధ్రం హెచ్‌డీఎంఐకే పోయి, బ్యాటరీ అయిపోగానే ఆట ఆగిపోతుంది.

వేడి సంగతి మన ఊళ్ళల్లో వేరేగా చెప్పుకోవాలి. ఏప్రిల్, మే నెలల్లో కడపలో గది లోపలే సెగ కొడుతుంటుంది. అందులో ఫోన్ ఆట నడుపుతూ, ఛార్జింగ్ ఎక్కుతూ, వైఫైలో పంపేటప్పుడైతే బొమ్మను కుదించే పని కూడా చేస్తూ ఉంటే కాసేపటికే చెయ్యి పెట్టలేనంత వేడెక్కుతుంది. వేడెక్కితే ఫోన్ తనంతట తాను వేగం తగ్గించుకుంటుంది, ఆట నత్తనడక నడుస్తుంది. వెనక కవర్ తీసేయండి. పరుపు మీద, దిండు మీద పెట్టకండి. మా ఇంట్లో ఫ్యాన్ కింద వట్టి బండ మీద పెడతాం, చల్లగా ఉంటుంది.

ఫోన్‌ను బండ మీద పెడితే ఆడేదెట్లా అంటారా, దానికే గేమ్‌ప్యాడ్, అంటే రెండు చేతుల్తో పట్టుకుని ఆడే బటన్ల పరికరం. నిజం చెప్పాలంటే ఈ మొత్తంలో నా మనసు దోచుకున్నది అదే. బ్లూటూత్ గేమ్‌ప్యాడ్ కలిపితే వేళ్ళు ఫోన్ అద్దాన్ని వదిలేస్తాయి. బటన్లు చేతికి తగులుతుంటాయి కాబట్టి కళ్ళు టీవీని వదలక్కర్లేదు. ఫోన్ టీవీ పక్కనే ఉంటుంది కాబట్టి ఒకటిన్నర మీటరు కేబుల్ చాలు. చేతిలో ఫోన్ పెట్టుకుని ఆడాలంటే ఐదు మీటర్ల కేబుల్ గది మధ్యలో పడి ఉంటుంది, దానికి కాలు తగిలితే ఫోన్ రంధ్రం పాడవుతుంది. అయితే ఏ ఆట గేమ్‌ప్యాడ్‌కు ఒప్పుకుంటుందో ముందు చూసుకోవాలి. అస్ఫాల్ట్ లాంటి రేసింగ్ ఆటలు, మైన్‌క్రాఫ్ట్ ఒప్పుకుంటాయి. బీజీఎంఐ అనే తుపాకుల ఆట ఒప్పుకోదు.

గేమ్‌ప్యాడ్ ఉంటే ఫోన్ లేకుండా కూడా ఆడొచ్చు. టీవీ ఆండ్రాయిడ్ టీవీగానీ గూగుల్ టీవీగానీ అయితే అందులోని ప్లే స్టోర్‌లోనే ఆటలు ఉంటాయి. ఫోన్‌లో ఉన్నన్ని ఉండవు, టీవీ కోసం చేసినవే కనిపిస్తాయి. తక్కువ ధర టీవీల్లో చాలావాటికి నిల్వ 8 జీబీనే, అందులోనూ సగం ముందే నిండి ఉంటుంది. కాబట్టి పెద్ద ఆటల మీద ఆశ పెట్టుకోవద్దు. కానీ బీచ్ బగ్గీ రేసింగ్ లాంటిది వేసుకుంటే తెరను ముక్కలు చేసి నలుగురు ఒకేసారి ఆడొచ్చు. ఫోన్‌లో ఒక్కడు ఆడుతుంటే ముగ్గురు భుజం మీంచి తొంగి చూస్తారు. ఇక్కడ నలుగురూ ఆటలోనే ఉంటారు. ఆలస్యం గొడవ లేదు, ఫోన్ వేడెక్కదు, నాన్నకు కాల్ వచ్చిందని ఆట ఆగదు.

వీడియో రాని ఫోన్ ఉండి, ఇంట్లో ల్యాప్‌టాప్ ఉంటే నాలుగో దారి ఒకటుంది. scrcpy అని రాసి స్క్రీన్ కాపీ అని పలికే ఉచిత ప్రోగ్రాం ఫోన్ తెరను మామూలు యూఎస్‌బీ కేబుల్ ద్వారా ల్యాప్‌టాప్‌లో చూపిస్తుంది, ల్యాప్‌టాప్‌ను హెచ్‌డీఎంఐతో టీవీకి కలపాలి. ఆలస్యం 35 నుంచి 70 మిల్లీసెకన్లని తయారుచేసినవాళ్ళే రాశారు. అంటే మా ఇంటి వైఫై కన్నా మూడున్నర నుంచి ఏడు రెట్లు నయం. ఆండ్రాయిడ్ 11 నుంచి శబ్దం కూడా వస్తుంది. దీనికి ఫోన్‌లో బిల్డ్ నంబర్ మీద ఏడుసార్లు నొక్కి డెవలపర్ ఆప్షన్స్ తెరిచి, ల్యాప్‌టాప్‌కు ఫోన్ మీద అదుపు ఇచ్చే యూఎస్‌బీ డీబగ్గింగ్ వేయాలి. ఆట అయ్యాక దాన్ని తప్పకుండా ఆపేయండి. ఇంజనీరింగ్ చదివే పిల్లలున్న ఇంటికి ఇది బాగా కుదురుతుంది. మా అక్కలాంటి వాళ్ళకు రోజూ ఈ తతంగం కుదరదు.

నిలువు ఆటల గురించి కూడా చెప్పాలి. సబ్‌వే సర్ఫర్స్, క్యాండీ క్రష్ లాంటివి ఫోన్‌ను నిలువుగా పట్టుకుని ఆడేవి. 20:9 కొలత ఉన్న పొడుగు ఫోన్‌ను నిలువుగా టీవీలో చూపిస్తే తెర వెడల్పులో పావు వంతులోనే బొమ్మ ఉంటుంది, మిగతా అంతా నలుపు. వాటిని ఫోన్‌లోనే ఆడుకోనివ్వండి. బీజీఎంఐకి కూడా నా సలహా అదే. నాలుగు వేళ్ళతో అద్దం మీద ఆడే అలవాటున్న పిల్లాడికి టీవీ వల్ల లాభం లేదు. ఆడే సమయం మీద కన్నేసి ఉంచడమే అక్కడ మన పని. మధ్యలో ఆగిపోయిన ఆ ఆట 2023లో తిరిగి వచ్చినప్పుడు 18 ఏళ్ళ లోపు వాళ్ళకు రోజుకు 3 గంటలని హద్దు పెట్టారు. నన్నడిగితే అదీ ఎక్కువే.

ఫోన్ తెరను టీవీలోకి పంపే ముందు డు నాట్ డిస్టర్బ్ వేయడం మరవకండి. బ్యాంకు ఓటీపీ, ఇంటి గొడవల వాట్సాప్ మెసేజ్ చుట్టాల ముందు 43 అంగుళాల్లో కనపడకూడదు.

అక్క ఇంట్లో ఉన్నది ఆండ్రాయిడ్ టీవీ, బావ ఫోన్ యూఎస్‌బీ 2.0ది. కాబట్టి అడాప్టర్ జోలికి పోవద్దన్నాను. లూడో, చదరంగం, క్యారమ్స్ వైఫైలో పంపుకోమన్నాను, దానికి పైసా అక్కర్లేదు. పెట్టే డబ్బేదో రెండు గేమ్‌ప్యాడ్‌ల మీద పెట్టి, టీవీలోనే రేసింగ్ ఆట వేసుకోమన్నాను. అదే బావ ఫోన్‌లో డిస్‌ప్లేపోర్ట్ ఉండి ఉంటే అడాప్టరూ, ఒక గేమ్‌ప్యాడూ కొనమనేవాణ్ణి. నిన్న సాయంత్రం వీడియో కాల్ చేసింది. ఒక గేమ్‌ప్యాడ్ పెద్దోడి చేతిలో ఉంది, రెండోది బావ చేతిలో ఉంది. చిన్నోడు పక్కన నిలబడి "ఇంకో రెండు రౌండ్లు, తర్వాత నాకియ్యాల" అని లెక్కపెడుతున్నాడు.