‘కియాంశ్’ అంటే ఏమిటి: ఒక నామకరణ కేంద్రం ఇచ్చిన కార్డుపై సమీక్ష

మా చెల్లెలికి పుట్టిన బాబుకు పేరు ఎంపిక చేయించడం మేనమామగా నా వంతు కానుక అనుకుని, కోనసీమలో మా ఊరికి దగ్గరలోని ఒక పట్టణంలో, కాలువ గట్టు రోడ్డు మీద జిరాక్సు షాపు పైమేడలో నడుస్తున్న నామకరణ కేంద్రానికి 2,116 రూపాయలు చెల్లించాను. ఆ రుసుముకు వారు ఇచ్చేవి నాలుగు: జన్మనక్షత్రాన్ని బట్టి పేరుకు తొలి అక్షరం, ఆ అక్షరంతో ఐదు పేర్లు, సంఖ్యాశాస్త్రానికి సరిపడే ఇంగ్లీషు స్పెల్లింగు, చివరగా మనం ఎంచుకున్న పేరుకు అర్థమూ మూలమూ ముద్రించి లామినేషన్ చేసిన ఒక కార్డు. మొదటి పని వారు శుభ్రంగా చేశారు. నాలుగో పని విషయంలోనే ఈ సమీక్ష రాయవలసి వచ్చింది.

బాబుది మృగశిర నాలుగో పాదం. నక్షత్రాలు 27, ఒక్కొక్క దానికి 4 పాదాలు, వెరసి 108 అక్షరాలు. వాటిలో మృగశిరకు వచ్చేవి వే, వో, కా, కీ. మా పంచాంగంతో సరిచూసుకుంటే వారు చెప్పిన ‘కి’ అక్షరం సరిగ్గానే ఉంది. ఆర్ద్ర మూడో పాదంలో పుట్టి ఉంటే ‘ఙ’తో పేరు వెతుక్కోవలసి వచ్చేది కనుక ఆ మేరకు మేము అదృష్టవంతులమే. జాతకచక్రం చెప్పిన రోజుకే చేతికి వచ్చింది, మాటతీరు మర్యాదగా ఉంది, శాంతులనీ ఉంగరాలనీ అదనంగా ఏమీ అంటగట్టలేదు.

ఐదు పేర్లలో ‘కిరీటి’ ఒకటి. అర్జునుడి పేరు అని దానికి ఒక్క వాక్యం రాసి వదిలేశారు. ‘కియాంశ్’కు మాత్రం సగం పేజీ కేటాయించారు: సంస్కృత మూలమట, వేదాలలో ప్రస్తావన ఉందట, ‘సకల సద్గుణాలు కలిగిన దైవాంశ’ అని అర్థమట. హైదరాబాదులో ఉద్యోగం చేసే బావగారికి తరగతిలో మరెవరికీ లేని పేరు కావాలి కనుక దానినే ఖాయం చేశారు. ఆ పేరు విన్న పక్కింటి పెద్దాయన, ‘కియా అంటే ఆ పెనుకొండ దగ్గర తయారయ్యే కారే కదండీ’ అని అడిగినప్పుడు అందరం నవ్వుకున్నాం గాని, ఆ ప్రశ్న నన్ను వదలలేదు.

బారసాలకు ముందురోజు సాయంత్రం, 1899లో వెలువడిన మోనియర్ విలియమ్స్ సంస్కృత నిఘంటువును తెరిచి చూశాను. అక్కడ ఋగ్వేదంలో వచ్చే ‘కియాంబు’ అనే నీటిమొక్క ఉంది. ఆ పక్కనే ‘కియత్’ ఉంది. కియత్ అంటే ‘ఎంత?’ అని అర్థం. ధనవత్ అనే శబ్దం పుంలింగ ప్రథమావిభక్తి ఏకవచనంలో ధనవాన్ అయినట్లే, కియత్ అనేది ‘కియాన్’ అవుతుంది. అంశ అంటే భాగమని, వాటా అని వేరే చెప్పనక్కరలేదు. వ్యాకరణం ఒప్పుకునేటట్టు ఆ రెంటినీ సమాసం చేస్తే, అచ్చు ముందు ‘త్’ను ‘ద్’గా మార్చే జశ్త్వసంధి వల్ల ‘కియదంశ’ కావాలి గాని కియాంశ కాదు. ఆ తప్పును మన్నించి కలిపి చదివినా, వచ్చే అర్థం ‘ఎంత వాటా?’ అని. కొబ్బరి తోట పంపకాలు కిందటి సంక్రాంతికే ముగించుకున్న మా నాన్నగారు అది విని, కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ, ‘పుట్టి ఇరవై రోజులు కాలేదు, అప్పుడే అడుగుతున్నాడన్నమాట’ అన్నారు.

కియాన్ అనే మాటకు మరొక పుట్టుక కూడా ఉంది, నిజానికి అదే గౌరవమైనది. పారశీక పురాణగాథలలో ‘కయ్’ అనే బిరుదు గల రాజుల వంశం ఒకటి ఉంది. కియాన్ అంటే ఆ రాజులు అని బహువచనం. 1287 నుంచి 1290 వరకు ఢిల్లీని ఏలిన కైకుబాద్ పేరులోని ‘కై’ కూడా ఆ బిరుదే. ఆ చివర సంస్కృతపు అంశను అతికిస్తే ‘రాజుల అంశ’ అని చెప్పుకోవచ్చు, అందులో నామోషీ ఏమీ లేదు. అలా చెప్పి ఉంటే నేను సంతోషంగా ఒప్పుకునేవాణ్ణి. రెండు భాషల మాటలు కలిపి కొత్త పేరు కట్టడం తప్పు కాదు. కట్టినదానికి వేదప్రమాణం ఉందని కార్డు మీద అచ్చువేసి డబ్బు తీసుకోవడమే నాకు అభ్యంతరం.

ఈ ‘అంశ్’ తోక వ్యవహారం ఒక్క ఈ పేరుకే పరిమితం కాదు. దివ్యాంశలో అంశ నిజంగానే ఉంది. హిమాంశులో ఉన్నది అంశువు, అంటే కిరణం. చల్లని కిరణాలవాడు కనుక చంద్రుడు. శ్రేయాంశ్ అని ఇప్పుడు అంతా రాస్తున్నది జైనుల పదకొండో తీర్థంకరుడు శ్రేయాంసనాథుని పేరు. దాని చివర ఉన్నది ‘స’, అందులో అంశ అనే మాటే లేదు. కేంద్రంవారి దగ్గరున్న పేర్ల పుస్తకంలో మాత్రం ఈ మూడింటికీ ‘అంశ కలవాడు’ అనే ఒకే మూసలో అర్థం రాసి ఉండడం కౌంటరు దగ్గర నిలబడి నేనే చూశాను.

స్పెల్లింగు సంగతి కూడా చెప్పాలి. వారు వాడేది ఇంగ్లీషు అక్షరానికి ఒక అంకె చొప్పున ఇచ్చి కూడే కాల్డియన్ పద్ధతి: కె 2, ఐ 1, వై 1, ఏ 1, ఎన్ 5, ఎస్ 3, హెచ్ 5, మొత్తం 18. అది మంచి సంఖ్య కాదని మరొక ‘ఏ’ చేర్చి 19 చేశారు. నమ్మకం ఉన్నవారికి అది వారిష్టం. తెలుగు స్పెల్లింగును మాత్రం ఎవరూ పట్టించుకోలేదు: కార్డు శీర్షికలో ‘కియాన్ష్’, లోపల ‘కియాంశ్’, కవరు మీద ‘కియాన్స్’ అని మూడు రకాలుగా ఉంది. అంశలో ఉన్నది తాలవ్య ‘శ’ అయినప్పుడు ‘ష’ ఎక్కడిది? అచ్చుతో ముగియని మాట నోట నిలవని మా అమ్మ ఎలాగూ ‘కియాంశు’ అనే పిలిచింది.

మరునాడు ఫోను చేసి, వేదంలో ఈ పేరు ఎక్కడ ఉందో చెప్పమని అడిగాను. అవతలి వ్యక్తి విసుగు లేకుండా అంతా విని, ‘ఆయ్, మీకు ఏ అర్థం కావాలో చెప్పండి, సాయంత్రానికి కొత్త కార్డు వేయించి ఇచ్చేస్తామండి’ అన్నారు. ఆయన నన్ను మోసగించాలని ఆ మాట అనలేదు, సాయం చేస్తున్నాననే అనుకున్నారు. డబ్బు వాపసు అడగాలని అనిపించలేదు.

జాతకచక్రం, తొలి అక్షరం వరకైతే ఆ కేంద్రానికి వెళ్ళవచ్చు. అర్థం కోసం వెళ్ళేవారు కార్డు లామినేషన్‌కు వెళ్ళకముందే పేరును పదాలుగా విడదీసి రాసిమ్మని, ఆ పదం ఏ నిఘంటువులో ఉందో చూపించమని అడగండి. మరొక మాట: ‘21 రోజులు దాటితే పేరు నమోదు కాదు’ అని వారు తొందరపెడతారు. ఆ 21 రోజుల గడువు జననాన్ని తెలియజేయడానికే. పేరు లేకుండా జననం నమోదు చేయించి, ఆ తరువాత 12 నెలలలోపు రుసుము లేకుండా పేరు చేర్పించుకోవచ్చు.

మేము అదే చేశాం. బారసాలనాడు పళ్ళెంలో పోసిన బియ్యం మీద బావగారు ఉంగరంతో మా ఇలవేల్పు అంతర్వేది స్వామి పేరు రాశారు. ధ్రువపత్రంలో పేరు గడి ఇంకా ఖాళీగానే ఉంది, బావగారు మళ్ళీ కిరీటి దగ్గరికి వచ్చి ఆలోచిస్తున్నారు. ఈలోగా మా నాన్నగారు మనవణ్ణి ‘వాటాదారుగారూ’ అని పిలుస్తున్నారు, వాడు దానికి బాగానే పలుకుతున్నాడు.