కాలం వంగే మడుగా, దూరం సాగే లోయా: కల్పిత లోకానికి ఏది మేలు?

కల్పిత లోకానికి పటం గీసుకునే రచయితలు ఏదో ఒక మూల ప్రకృతి నియమాలు చెల్లని చోటు ఒకటి పెట్టాలనుకుంటారు. అటువంటి చోటుకు సాధారణంగా మూడు రూపాలు తడతాయి: కాలం వేరే వేగంతో నడిచే మడుగు, నడిచేకొద్దీ దూరం సాగిపోయే లోయ, అడుగుపెట్టినవారి బుద్ధిని భ్రమింపజేసే మంచుతెర. మూడింటిలోనూ ప్రాణభయం ఉంది కనుక ఏదైనా ఒకటేననిపించవచ్చు గాని, కథ సగానికి వచ్చేసరికి తేడా బయటపడుతుంది.

మంచుతెరను ముందే పక్కన పెట్టవచ్చు. ఆర్కిటిక్ యాత్రికుడు రాబర్ట్ పియరీ 1906లో దూరాన చూశానని చెప్పిన నేలను వెతుక్కుంటూ 1913లో ఒక బృందం బయలుదేరింది; వారికి చివరకు దొరికింది మరీచిక మాత్రమే. భ్రమ మనుషులను ఎంత దూరం నడిపించగలదో దీనివల్ల తెలుస్తుంది, నిజమే. అయితే అక్కడ నేల మారలేదు, చూపు మాత్రమే మోసపోయింది. కథలోనైనా అంతా భ్రమేనని తేలిన మరుక్షణం పాఠకుడు అంతవరకు పడిన భయాన్ని వెనక్కి తీసుకుంటాడు.

మడుగుకు ఆకర్షణ ఎక్కువ. మొదట నా మొగ్గు కూడా అటే ఉండేది. కూతురు రేవతికి తగిన వరుడెవరో అడగడానికి బ్రహ్మలోకానికి వెళ్లిన కకుద్మి, అక్కడ గానం ముగిసేదాకా ఆగినంతలోనే భూమి మీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయన్న పురాణకథ మనకు కొత్తది కాదు. కానీ బ్రహ్మలోకం వేరే లోకం. మడుగు ఊరి పొలిమేరలోనే ఉంటుంది, దాని మీద అదే సూర్యుడు కాస్తాడు. చిక్కంతా అక్కడే ఉంది. మడుగులో ఒక గంట గడిస్తే బయట ఒక సంవత్సరం గడుస్తుందని నియమం పెట్టుకున్నామనుకుందాం. సంవత్సరానికి 8,760 గంటలు కనుక, ఏడాది పొడవునా కాసే ఎండంతా మడుగు లెక్కలో ఒక్క గంటలో వచ్చిపడి నీరు కుతకుతా ఉడికిపోతుంది. నియమాన్ని తిప్పి, బయట ఒక రోజు గడిస్తే లోపల ఒక సంవత్సరం గడుస్తుందంటే, ఎండ 365వ వంతుకు పడిపోయి మడుగు గడ్డకడుతుంది. గడ్డకట్టదని సరిపెట్టుకున్నా, ఒడ్డున కూర్చుని చేయి ముంచిన పిల్లవాడి సంగతి ఏమిటి? మునిగిన చేతికి 365 రెట్లు రక్తం కావాలి, గుండె మాత్రం ఒడ్డు లెక్కలోనే కొట్టుకుంటూ ఉంటుంది. చేయి పైకి తీసేసరికి వేళ్లు నల్లబడి ఉంటాయి. మన జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు నేల మీది గడియారాల కంటే రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి, ఆ కాస్త తేడాను సవరించకపోయినా దారి లెక్కలు తప్పిపోతాయి. గంటకు సంవత్సరం తేడా పెట్టిన రచయిత ఎన్ని లెక్కలు సవరించుకోవాలో ఊహించవచ్చు. పైగా కాలం చేతికి దొరికిన రాజు ఊరుకోడు. పంటనో సైన్యాన్నో అందులోకి దించి ఒక్క రోజులో సిద్ధం చేసుకుంటాడు, అలా ఎందుకు చేయలేదో ప్రతి అధ్యాయంలోనూ సంజాయిషీ చెప్పుకోవలసి వస్తుంది.

లోయకు ఈ బెడద తక్కువ. గుండ్రని లోయ అంచు చుట్టుకొలత 600 మీటర్లు ఉంటే, అడ్డంగా దాటడానికి 190 మీటర్ల చిల్లర నడిస్తే చాలాలి. ఈ లోయలో మాత్రం ఆ నడక రెండు కిలోమీటర్లు. ఇందులో అసంభవమేమీ లేదు. సాగదీసిన గుడ్డ మీద నడుమ గుంట పడితే అంచు వెంట పాకే చీమకు దారి మారదు, గుంటలోకి దిగిన చీమకే దారి పెరుగుతుంది. అంచు వెంట నాలుగైదు నిమిషాలు నడిచి ఆవలి ఒడ్డుకు చేరిన తోడుగాడు, ఈవలి నుంచి చూస్తే రెండు కిలోమీటర్ల దూరాన చీమంత కనిపిస్తాడు. అతడు గట్టిగా కేకవేస్తే అంచు వెంట వచ్చిన కేక ఒక సెకనులోపే వినిపిస్తుంది. అదే కేక లోయ మీదుగా దాదాపు ఆరు సెకన్ల తరువాత, ఎవరో వేరే మనిషి పిలిచినట్టు, రెండోసారి వినిపిస్తుంది. ఆ రెండో కేక ఇచ్చే జంకును పుటలకొద్దీ వర్ణన కూడా ఇవ్వలేదు. ఇక అమావాస్య నాడు నడుమ భాగం ఇరవై కిలోమీటర్లకు సాగుతుందని, అంచు మాత్రం ఎప్పటికీ మారదని చేరిస్తే ప్రమాదం పూర్తవుతుంది: అరగంట నడకకు సరిపడా నీళ్లతో దిగినవాడు దాహంతో పడిపోతాడు, అంచు వెంట తిరిగేవారికి లోయ ఎప్పటిలాగే చిన్నదిగా ఉంటుంది.

లోయకు నేను ఓటు వేయడానికి మరో కారణం, దాని ప్రమాదానికి ఒక దారీ తెన్నూ ఉండటం. 1986 ఆగస్టు 21 రాత్రి కామెరూన్‌లోని న్యోస్ సరస్సు నుంచి ఎగసిన కార్బన్ డయాక్సైడ్ సుమారు 1,700 మందిని బలిగొంది. గాలికంటే బరువైన ఆ వాయువు పల్లాల వెంట పారింది. కంటికి కనిపించని మృత్యువు సైతం ఏ దారిన వస్తుందో తెలిస్తే మనిషి తెలివికి పని దొరుకుతుంది. లోయ విషయంలోనూ అంతే: తాడు వేసి కొలవవచ్చు, అమావాస్యలు లెక్కపెట్టవచ్చు, లెక్క తప్పితే చావవచ్చు.

అయినా కథ మొత్తం ఒక మనిషి తనవారిని పోగొట్టుకోవడం గురించే అయితే, కకుద్మికి తన కాలపు వారెవరూ మిగలని ఆ శూన్యం లోయలో దొరకదు. అప్పుడు మడుగే కావాలి. అటువంటి మడుగును ఎండ సోకని గుహలో, జనావాసాలకు దూరంగా పెట్టి, కథలో ఒక్కసారి మాత్రమే, మనిషి నిలువునా మునిగేలా వాడుకోవాలి.