విచారణ ఖైదీకి డిఫాల్ట్ బెయిలా, 479 సెక్షనా?

గడువులోగా చార్జిషీట్ పడకపోతే అడగగలిగేది డిఫాల్ట్ బెయిల్. సాధారణంగా పెద్ద నేరాలకు 90 రోజులు, మిగతావాటికి 60. కేసు బలాబలాలతో పనిలేదు, అది ఖైదీ హక్కు. కానీ 61వ రోజు పొద్దున్నే పిటిషన్ వేసే మనిషి కావాలి. ఈలోపు చార్జిషీట్ పడిందా, ఆ హక్కు పోయినట్టే. లాయర్ లేని పేదవాడు ఎక్కువగా నష్టపోయేది ఇక్కడే.

చార్జిషీట్ పడ్డాక కేసు ఏళ్లతరబడి సాగుతుంటే దిక్కు బీఎన్ఎస్ఎస్ (సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) 479వ సెక్షన్. గరిష్ఠ శిక్షలో సగం, ఇంతకుముందు ఏ నేరంలోనూ శిక్షపడనివాడైతే మూడో వంతు జైల్లో గడిపితే చాలు, బెయిల్ ఇవ్వాలి. మూడేళ్ల శిక్షపడే దొంగతనం కేసులో ఆ మూడో వంతు ఏడాది. కోర్టుకు రాయాల్సిన బాధ్యత జైలు సూపరింటెండెంట్‌దే. పాత కేసులకూ ఇది వర్తిస్తుందని 2024 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చింది. మరణశిక్ష, యావజ్జీవం పడే నేరాలకు, ఒకటికి మించి కేసులున్నవారికి మాత్రం ఇది అందదు. ఆ మినహాయింపు నాకు చాలా అన్యాయంగా అనిపిస్తుంది.