విగ్రహాల్లేని వీధి చూడ్డానికి రిచ్‌మండ్: నాన్నతో మూడు రోజులు

నాన్నకి నయాగరా చూపిస్తే "బాగుందమ్మా" అని ఊరుకున్నారు. న్యూయార్క్ చూపిస్తే జనం ఎక్కువన్నారు. ఓ రోజు వర్జీనియాలో, యాష్‌బర్న్‌లోని మా ఇంట్లో సోఫాలో కూచుని ఏదో పాత వీడియో చూస్తున్నారు. అందులో పన్నెండు టన్నుల కంచు విగ్రహాన్ని క్రేన్‌తో దించి, వంతెనల కింద పట్టదని నడుం దగ్గర రెండు ముక్కలుగా కోస్తున్నారు. అప్పుడు మాత్రం లేచి నిటారుగా కూచున్నారు.

"ఇదెక్కడమ్మా?"

రిచ్‌మండ్ అని, ట్రాఫిక్ లేకపోతే రెండు గంటల దూరమని చెప్పాను. "చూసొద్దాం పద" అన్నారు. విగ్రహమే లేదు కదా నాన్నా, ఏం చూస్తాం అంటే, "ఆ కూడలి ఇప్పుడెట్లా ఉందో చూద్దాం" అన్నారు. ముప్పై రెండేళ్లు ఆర్ అండ్ బీలో ఇంజినీరుగా చేసిన మనిషికి కూడళ్లంటే అంత ఇష్టం మరి.

2024 అక్టోబరులో ఓ శుక్రవారం బయల్దేరాం. ఐ-95 హైవే గురించి వర్జీనియాలో ఉన్నవాళ్లకి చెప్పక్కర్లేదు. ఫ్రెడరిక్స్‌బర్గ్ దాకా ఎక్స్‌ప్రెస్ లేన్ ఉంది, టోల్ నిమిషానికో రేటు. శుక్రవారం మధ్యాహ్నం దాటాక బయల్దేరితే అది కట్టినా ఏడుపే, కట్టకపోయినా ఏడుపే. పొద్దున్నే వెళ్లండి.

హోటల్ బ్రాడ్ స్ట్రీట్ దగ్గర, డౌన్‌టౌన్‌లో తీసుకున్నా. పేరు చెప్పను కానీ మళ్లీ వెళ్లను. రెండు మంచాల గది బుక్ చేస్తే ఒకే పెద్ద మంచం ఉన్న గది ఇచ్చారు. కౌంటర్లో అబ్బాయి "సిస్టమ్‌లో అలాగే ఉంది" అన్న ముక్క తప్ప ఇంకోటి మాట్లాడలేదు. గంట వాదించాక మడత మంచం ఒకటి పంపారు. పార్కింగ్‌కి రోజుకి ముప్పై డాలర్లు వేరే. బ్రేక్‌ఫాస్ట్‌లో నాన్న తినగలిగింది అరటిపండొక్కటే. ఇంటి నుంచి తెచ్చిన పులిహోర రెండు పూటలు కాపాడింది. పెద్దవాళ్లతో వచ్చేవాళ్లు డౌన్‌టౌన్ మోజు మానుకుని షార్ట్ పంప్, గ్లెన్ ఆలెన్ వైపు దిగడం మంచిది. అటువైపు మనవాళ్లు బాగానే ఉన్నారు, ఇడ్లీ దొరుకుతుంది, పార్కింగ్ ఊరికే. రెండో రాత్రికి మేం అక్కడికే మారాం.

ఇక మాన్యుమెంట్ అవెన్యూ. మధ్యలో వెడల్పాటి గడ్డి, రెండు వరసల చెట్లు, ఇరుపక్కలా ఇటుక మేడలు. నడవడానికి ఇంత హాయైన వీధి ఈ చుట్టుపక్కల నేను చూడలేదు. 1861 నుంచి 65 దాకా బానిసత్వాన్ని నిలబెట్టుకోవడానికి యుద్ధం చేసిన దక్షిణ రాష్ట్రాలకి, అంటే కాన్ఫెడరసీకి, రిచ్‌మండే రాజధాని. ఓడిపోయిన పాతికేళ్లకి, 1890 మేలో, ఇక్కడ వాళ్ల సేనాని జనరల్ రాబర్ట్ లీ గుర్రపు విగ్రహం పెట్టారు. నాన్న వీడియోలో చూసింది దీన్నే. దిమ్మతో కలిపి అరవై అడుగుల ఎత్తు, చేసింది ఫ్రెంచి శిల్పి ఆంతొనాన్ మెర్సియే. తర్వాత అదే పక్షంవాళ్లు: 1907లో జనరల్ స్టూవర్ట్, వాళ్ల అధ్యక్షుడు జెఫర్సన్ డేవిస్, 1919లో జనరల్ స్టోన్‌వాల్ జాక్సన్, 1929లో నౌకాధికారి మోరీ.

"అప్పుడిక్కడ ఊరుందా?" అన్నారు నాన్న.

లేదు, పొలం. ఆలెన్ అనే కుటుంబం వాళ్ల పొలంలో విగ్రహానికి జాగా ఇచ్చింది. చుట్టూ ప్లాట్లు వేసి అమ్మారు. నల్లవాళ్లకి అమ్మకూడదన్న షరతులు కూడా ఈ వీధి ప్లాట్లకి తగిలించారు. ఇదంతా చెబితే నాన్న గట్టిగా నవ్వారు. "వెంచర్ అన్నమాట! మన దగ్గర ఆర్చీ కట్టి, గుడి కట్టి, గజం రేటు పెంచరూ?" చరిత్ర పుస్తకాలు పది పేజీల్లో చెప్పేది ఆయనకి ఒక్క నిమిషంలో అర్థమైపోయింది.

లీ ఉన్న గుండ్రటి చోట ఇప్పుడు మొక్కలున్నాయి, అంతే. దిమ్మ ఆనవాలు కూడా లేదు. నాన్న దాని చుట్టూ రెండుసార్లు తిరిగారు. 2020 వేసవిలో జార్జ్ ఫ్లాయిడ్ అనే నల్లజాతీయుణ్ణి పోలీసు చంపాక ఈ దిమ్మ నిండా రంగురంగుల రాతలుండేవి, జనం ఇక్కడ పాటలు పాడారు, బాస్కెట్‌బాల్ ఆడారు. ఫోన్లో ఫోటో చూపిస్తే, "తీసేయక ముందు తీసుకురావాల్సింది నన్ను" అన్నారు.

అక్కడే కుక్కని తిప్పుతున్న ఓ పెద్దాయన మమ్మల్ని చూసి ఆగాడు. యాభై ఏళ్లుగా ఇక్కడే ఉంటున్నాడట. "మా ఇంటికి దారి చెప్పాలంటే లీ దగ్గర ఎడమకి తిరగమనేవాణ్ణి, ఇప్పుడేం చెప్పాలో తెలీదు" అన్నాడు. తీసేసినందుకు బాధగా ఉందా అని అడిగాను. కాసేపు ఆలోచించి, విగ్రహం పోయినందుకు కాదు, రాత్రికి రాత్రి అటో ఇటో తేల్చుకోమని అందరూ అడిగినందుకు బాధ అన్నాడు. నాకా మాట అంతగా ఎక్కలేదు. రాత్రికి రాత్రి ఎక్కడిది, నూట ముప్పై ఏళ్లు టైముంది కదా. 1890లోనే రిచ్‌మండ్ ప్లానెట్ అనే పత్రిక సంపాదకుడు జాన్ మిచెల్ జూనియర్ రాశాడు: ఈ విగ్రహాన్ని నిలబెట్టిన కూలీ నల్లవాడే, సమయం వస్తే దించడానికీ వాడే ఉంటాడని.

నాన్న ప్రశ్న మాత్రం మొదట్నుంచీ ఒకటే: "స్థలం ఎవరిది?" విసుగొచ్చింది కానీ, మూడు రోజులూ తిరిగాక ఇంతకన్నా పనికొచ్చే గైడ్ లేడనిపించింది. జాక్సన్, స్టూవర్ట్ నగరానివి. యుద్ధ స్మారకాలని ఊళ్లు ముట్టుకోకూడదన్న వర్జీనియా చట్టం మారి, కొత్తది 2020 జూలై 1న అమల్లోకొచ్చింది. ఆ రోజే మేయర్ జాక్సన్‌ని దింపించాడు. డేవిస్‌ని అంతకు ముందే, జూన్ 10 రాత్రి, జనమే తాళ్లతో లాగి పడేశారు. లీ ఒక్కడు రాష్ట్రానివాడు. ఆ భూమి రాష్ట్రానికి రాసిచ్చిన దస్తావేజులో విగ్రహాన్ని "నమ్మకంగా కాపలా కాసి, ప్రేమతో కాపాడతాం" అన్న మాట ఉంది. దాన్ని పట్టుకుని వారసులు కోర్టుకెళ్లారు. రాష్ట్ర సుప్రీంకోర్టు 2021 సెప్టెంబరు 2న, అప్పటి మాట ఇప్పటి ప్రభుత్వం నోరు కట్టేయలేదని తేల్చింది. ఆరు రోజులకి విగ్రహం దిగింది. "దస్తావేజులో ప్రేమ అని రాశారా!" అని నాన్న ఆ రోజంతా ఆశ్చర్యపోతూనే ఉన్నారు.

ఆ వీధిలో మిగిలింది ఒక్కరే: ఆర్థర్ యాష్, 1996లో పెట్టారు. ఇదే ఊళ్లో పుట్టి, తెల్లవాళ్ల టెన్నిస్ కోర్టుల్లో ఆడనివ్వక, తర్వాత వింబుల్డన్ గెలిచినవాడు. ఒక చేతిలో పుస్తకాలు, ఇంకో చేతిలో రాకెట్, చుట్టూ పిల్లలు. నిజం చెప్పాలంటే శిల్పంగా నాకు నచ్చలేదు, పిల్లల్ని కొట్టబోతున్నట్టుంటుంది.

శిల్పం చూడాలంటే వర్జీనియా మ్యూజియం ఆఫ్ ఫైన్ ఆర్ట్స్‌కి వెళ్లండి. ప్రవేశం ఉచితం, 365 రోజులూ తెరిచే ఉంటుంది, టాయిలెట్లు శుభ్రం, మన దేశపు శిల్పాల గది చాలా బాగుంటుంది. ముందు వాకిట్లో కెహిండే వైలీ చేసిన గుర్రపు విగ్రహం ఉంది. స్టూవర్ట్ విగ్రహం భంగిమే, కానీ గుర్రం మీద జడల జుట్టు, హుడీ, చిరిగిన జీన్స్‌తో ఓ నల్ల కుర్రాడు. దగ్గరికెళ్లి చూస్తే కాలికి నైకీ బూట్లు. ఈ విగ్రహాలు కట్టించడంలో ముందున్న కాన్ఫెడరసీ ఆడపడుచుల సంఘం ఆఫీసు పక్కనే, తెల్లరాతి భవనం. నాన్న రెంటికీ మధ్య నిలబడి ఫోటో తీయమన్నారు.

రెండో రోజు పొద్దున్న వాలెంటైన్ మ్యూజియం. చిన్నదే, గంటన్నర చాలు, కానీ ఈ యాత్రలో నన్ను ఎక్కువసేపు నిలబెట్టింది అదే. డేవిస్ విగ్రహం వెల్లకిలా పడుకుని ఉంది. మొహం సొట్టబోయింది, ఒంటి నిండా గులాబీ రంగు పెయింటు, మెడ దగ్గర ఎవరో టాయిలెట్ పేపరుతో కట్టిన ఉరితాడు పీలికలు. కడగలేదు, సరిచేయలేదు. దాన్ని చేసిన ఎడ్వర్డ్ వాలెంటైన్ ఈ మ్యూజియం కుటుంబంవాడే, ఆయన స్టూడియో కూడా ఇదే ఆవరణలో ఉంది. 1902లో వర్జీనియా కొత్త రాజ్యాంగం రాసుకుని నల్లవాళ్ల ఓట్లు ఊడ్చేసింది, ఐదేళ్లకి డేవిస్ కంచులో చెయ్యి చాపి నిలబడ్డాడు. పడుకోబెట్టి చూస్తే ఆ తేదీలు గుర్తొచ్చాయి. నిలబెట్టి ఉంటే ఎత్తు మాత్రమే కనబడేదేమో. వెళ్లేముందు ఫోన్ చేసి కనుక్కోండి, ఇలాంటివి వేరే ఊళ్ల ప్రదర్శనలకి వెళ్తుంటాయి.

టిఫిన్ దగ్గర మా ఇద్దరికీ గొడవైంది. ఉంచి, పక్కన బోర్డు పెడితే సరిపోయేదని నాన్న. "2011లో ట్యాంక్‌బండ్ మీద విగ్రహాలు పడగొట్టి సాగర్‌లో వేస్తే నువ్వే కదమ్మా ఏడ్చావ్? మళ్లీ పెట్టారుగా." ఏడ్చిన మాట నిజమే. కానీ అక్కడి కోపం, మావాళ్లని ఎందుకు పెట్టలేదని. ఇక్కడి కోపం, మమ్మల్ని సంతల్లో అమ్మినవాళ్లని మా పన్నుల డబ్బుతో మా వీధిలో ఎందుకు పెట్టారని. రెండూ ఒకటి కాదు నాన్నా అన్నాను. ఆయన సాంబారు బాగుందన్నారు. ఒప్పుకున్నట్టు కాదు, మాట మార్చినట్టు.

లాబర్నమ్, హెర్మిటేజ్ రోడ్లు కలిసే కూడలి ఆయన కోరిక మీదే చూశాం, మామూలు సిగ్నల్, టూరిస్టులకి ఏమీ లేదు. జనరల్ ఏ.పి. హిల్ విగ్రహం 1892 నుంచి ఆ నడిరోడ్డు మీదే ఉండేది, కింద ఆయన సమాధితో సహా. యాక్సిడెంట్లు కూడా అయ్యేవి. 2022 డిసెంబరులో విగ్రహం తీసి, అస్థికల్ని కల్పెపర్ శ్మశానానికి తరలించారు. రోడ్డు వెడల్పులో ఎన్ని గుళ్లు, ఎన్ని దర్గాలు జరపాల్సి వచ్చిందో నాన్న కారులో కూచుని లెక్క చెబుతూనే ఉన్నారు.

సాయంత్రం హాలీవుడ్ సిమెట్రీ. తప్పక వెళ్లండి, టికెట్ లేదు, కింద జేమ్స్ నది కనిపిస్తుంది. గతుకుల సన్నదారులు, ఎత్తుపల్లాలు ఉన్నాయి, మోకాళ్ల నొప్పులున్నవాళ్లు కారు దిగకుండానే చాలావరకు చూడొచ్చు. ఇక్కడ డేవిస్ సమాధి మీద కంచు విగ్రహం చెక్కుచెదరకుండా ఉంది. ఎవరూ ముట్టుకోలేదు, ఇది ప్రభుత్వ భూమి కాదు, పైగా శ్మశానం. పద్దెనిమిది వేల మంది కాన్ఫెడరేట్ సైనికుల కోసం 1869లో కట్టిన తొంభై అడుగుల గ్రానైట్ పిరమిడ్ ఉంది. సున్నం, సిమెంటు లేకుండా రాళ్లు పేర్చి కట్టారు. నాన్న రాళ్ల సందుల్లో వేళ్లు పెట్టి చూసి, "పాపం, వీళ్లకి ఇక్కడ ఉంటే ఎవరికి అభ్యంతరం?" అన్నారు. నాకూ లేదు.

ట్రెడెగార్ దగ్గరి అమెరికన్ సివిల్ వార్ మ్యూజియం బాగుంది కానీ చదవాల్సింది ఎక్కువ, పెద్దవాళ్లు అలిసిపోతారు.

మూడో రోజు ఐ-64 మీద షార్లట్స్‌విల్, గంటకి కాస్త ఎక్కువ. అక్కడి లీ విగ్రహాన్ని తీసేస్తామన్నందుకే 2017 ఆగస్టులో జాత్యహంకారులు ర్యాలీ చేశారు, ఒకడు కారుతో జనం మీదికి దూసుకెళ్లి హెదర్ హయర్‌ని చంపాడు. ఆ సన్నటి వీధి గోడల మీద ఇప్పటికీ సుద్దముక్కలతో రాసిన మాటలున్నాయి. మేం వెళ్లినప్పుడు వాన తుంపరకి సగం కారిపోయి ఉన్నాయి. విగ్రహం ఒకప్పుడు ఉన్న పార్కులో గడ్డి మాత్రమే ఉంది. ఆ లీని 2021లో దించి, 2023లో కరిగించేశారు, ఆ కంచుతో కొత్త శిల్పం చేయాలని. కరిగించడం వినగానే నాన్న మొహం ముడుచుకున్నారు. దాని గురించి మేం మళ్లీ మాట్లాడుకోలేదు. పక్కన ఇటుకలు పరిచిన డౌన్‌టౌన్ మాల్‌లో కాఫీ బాగుంటుంది, కార్లు రావు.

తిరుగు ప్రయాణం 29 నంబరు రోడ్డు మీద, కల్పెపర్ మీదుగా. హిల్‌ని కొత్తగా పాతిపెట్టిన శ్మశానం చూద్దామన్నారు నాన్న. అప్పటికే చీకటి పడింది, వాన పెద్దదైంది. ఇంకోసారి అన్నాను. ఓ పెట్రోల్ బంకులో టీ బ్యాగులతో చేసిన నీళ్ల టీ తాగి, వారెంటన్ దాటకముందే నిద్రపోయారు.